ఉమాకాంత్ సారు ఊరికి మోసిన నీళ్ళు

చిక్కడపల్లి ఉమాకాంత్ సారు ఒకపారి హుస్సేన్‌సాగర్‌ను మొత్తం బిందెలోకి ఎత్తుకొని, మూతికి బట్ట కట్టి, జనగామ బస్సెక్కించి వాళ్ళ తాతల ఊరికి తీసుకపోయిండు. నమ్మబుద్ధి కాకుంటే ఆ ఎండాకాలం లోయర్ ట్యాంక్ బండ్ దిక్కు తిరిగినోళ్ళను అడగండి. చెరువు అడుగు బయటపడి, ఎన్నడో మునిగిన పడవలు, పోయిన చెప్పులు, వినాయకుల కిరీటాలు అన్నీ ఎండకు ఆరినయట. కవాడిగూడ పిల్లలు అందులో క్రికెట్ కూడ ఆడిన్రట.

ఇది నారాయణగూడ ఇరానీ హోటల్లో చెప్పుకునే తీరు. అశోక్‌నగర్ హాస్టళ్ళలో చెప్పేటప్పుడు బిందెలో చేపలు కూడ ఉంటయి. ఏ తీరున చెప్పినా బిందె మాత్రం నిజం, బస్సు నిజం, సారు నూటికి నూరుపాళ్ళు నిజం.

ఉమాకాంత్ సారు చిక్కడపల్లి కూరగాయల మార్కెట్ వెనక గల్లీలో పుట్టిండు. ఆ గల్లీలోనే పెరిగిండు, పెండ్లి చేసుకున్నడు, బట్టతల కూడ అక్కడే తెచ్చుకున్నడు. వాళ్ళ నాయన నిజాం కాలంలో గుమస్తా నౌకరీకి పట్నం వచ్చి మళ్ళ వెనక్కి చూడలేదు. కొడుకుకైతే చూసేందుకు వెనక అంటూ ఏమీ లేదు. అడిక్‌మెట్ పక్క యూనివర్సిటీలో ఎమ్మే చదివి, అశోక్‌నగర్‌లో ఒక జిరాక్స్ దుకాణం మీది అంతస్తులో గ్రూప్స్ పరీక్షలకు కోచింగ్ చెప్తుండె. చెప్పే సబ్జెక్టు ఏందంటే, గ్రామీణాభివృద్ధి!

ఆయన ముందు బెంచీల మీద కూచునేటోళ్ళంత మెదక్, నల్లగొండ, కరీంనగర్ పల్లెల నుంచి వచ్చినోళ్ళు. నిన్నమొన్నటిదాక నాగలి పట్టిన చేతులు. వాళ్ళకు ఈయన ఊరంటే ఏందో బోర్డు మీద గీసి చూపిస్తుండె. ఒక బడి, ఒక పంచాయతి ఆఫీసు, ఒక బర్రె. ఆ బర్రెను చూసి వెనక బెంచి నుంచి జగదీశ్వర్ అనే పిలగాడు లేచి, "సార్, గది కరుస్తదా?" అని అడిగిండు.

"బర్రె కరువది," అన్నడు సారు. "పాలిస్తది. అంతే."

సారు మాట తీరు అది. ఉన్నది ఉన్నట్టు చెప్పి, చివర 'అంతే' అని గొళ్ళెం పెట్టేస్తడు. వాన పడితే 'వాన పడ్డది, అంతే' అంటడు. ఎదురింటోళ్ళ ఇల్లు కొట్టుకపోయినా అంతకంటే ఒక్క మాట ఎక్కువ అనడు. ఇసువంటి మనిషి మీద ఇన్ని కథలు పుట్టినయంటే అది చిక్కడపల్లి గొప్పతనం.

"మీదే ఊరు సార్?" అని అడిగితే, "చిక్కడపల్లి" అంటుండె.

"అది ఊరెట్లయితది సార్?"

"చివరకు పల్లి ఉన్నది గద. రాసుకోండ్రి."

సారుకు పట్నంలో ఉన్న ఒకే ఒక పెద్దదిక్కు భూదేవమ్మ. నాయనకు సొంత చెల్లె, ఈయనకు మేనత్త. కవాడిగూడలో కొడుకు దగ్గర ఉంటది. ప్రతి శుక్రవారం ఎండయినా, వానయినా, కర్ఫ్యూ అయినా నడుచుకుంట చిక్కడపల్లికి వస్తది. అన్న పోయినంక తల్లిగారిల్లని చెప్పుకునేందుకు ఆమెకు ఈ గల్లీ ఇల్లే మిగిలింది. వచ్చి వాకిట్లో నిలబడి, "ఓ జయశ్రీ!" అని పిలుస్తది. లోపలికి మాత్రం అడుగు పెట్టదు. కాళ్ళకు నీళ్ళు ఇచ్చిందాక గడప దాటదు. ఆడబిడ్డ ఇంటికొస్తే ముందు చెంబుతో నీళ్ళివ్వాలె, అది లెక్క.

లెక్క బాగనే ఉంటది గని, చిక్కడపల్లిలో నల్లా రోజు విడిచి రోజు వస్తుండె. ఒక్కోసారి ఆ రోజు కూడ విడిచిపెడుతుండె. సారు భార్య జయశ్రీకి అత్తమ్మంటే పాణమే. అయినా ఎండాకాలంలో ఓపిక తగ్గుతది.

"తాగెతందుకే లేవంటే కాళ్ళకు ఏడికెల్లి తేవాలె?" అని వంటింట్లో గుసగుసలాడుతుండె.

"నా స్నానం బకెట్‌ల నుంచి తీయి," అంటుండె సారు. "నేను రేపు చేస్త. అంతే."

ఇట్ల ఏండ్ల తరబడి శుక్రవారాలు సారు ఒంటికి నీళ్ళంటలేదు. సారు కూచున్న దగ్గర గాలి ఎటు వీస్తుందో చూసుకొని శిష్యులు బెంచీలు మార్చుకుంటుండిరి. ఇది మాత్రం కొద్దిగ కలిపి చెప్పిన మాట.

తొంభై ఆరు ఎండాకాలం ఒక శుక్రవారం. భూదేవమ్మ కాళ్ళు కడుక్కొని వచ్చి, పీట మీద కూచుని తొక్కుకు మామిడికాయలు కోస్తున్నది. వాకిట్లో తలపాగ మనిషి ఒకాయన వచ్చి నిలబడ్డడు. చెమటకు అంగి ఒంటికి అతుక్కపోయింది.

"చెన్నూరోళ్ళ ఇల్లు ఇదేనా? పొద్దుగాల నుంచి తిరుగుతున్న. ఈ పట్నంల తోవ చెప్పేటోళ్ళంత నా లెక్క తప్పిపోయినోళ్ళే ఉన్నరు."

తల్లిగారి ఇంటిపేరు వినంగనే భూదేవమ్మ కత్తి ఆపింది. "ఎవరు, బుగ్గడా? ఓరి నీ బొంద! గింత ముసలోనివి అయినవేందిరా?"

"నువ్వేమన్న పడుచుపిల్లవా అక్కా?"

బుగ్గయ్య ఆమె ఊరాయన, చిన్నప్పుడు కలిసి చింతకాయలు దొంగతనం చేసిన జోడి. ఊరు ఎల్లమ్మచెల్క, జనగామ అవతల. మంచినీళ్ళు తాగి, మూతి తుడుచుకొని బుగ్గయ్య వచ్చిన పని చెప్పిండు. ఊరి నడుమ పాతుకొని ఉండే బొడ్రాయి పగిలిపోయింది. బొడ్రాయంటే ఊరికి బొడ్డు లెక్క. అది లేకుంటే ఊరు ఊరు కాదు. కొత్త రాయి నిలబెట్టి పండుగ చేస్తున్నరు. పెండ్లయి బయటికి పోయిన ఆడబిడ్డలందరిని ఇల్లిల్లూ తిరిగి పిలవాలె.

"ఇంటింటోళ్ళు తమ ఇంటి నీళ్ళు బిందెతోని తెచ్చి బొడ్రాయి మీద వోయాలె కొడుకా," అని సారు దిక్కు తిరిగిండు. "లక్ష్మయ్య పటేలు ఇంటిపేరు పెట్టి పిలుస్తడు. ఇంటోళ్ళు పలకాలె, నీళ్ళు వోయాలె. పలకని ఇల్లు ఇగ లేనట్టే. ఆ ఇంటి ఆడబిడ్డకు ఊర్ల ఒడిబియ్యం పొయ్యరు."

ఒడిబియ్యమంటే తల్లిగారోళ్ళు ఆడబిడ్డ కొంగులో పోసే బియ్యం. అవి పోస్తేనే ఆమెకు వెనక ఒక ఇల్లు, ఒక ఊరు ఉన్నట్టు. పోయకుంటే ఆమె ఎక్కడినుంచో ఊడిపడ్డ మనిషి.

"పోదాం అత్తా," అన్నడు సారు. "దాంట్ల ఏమున్నది? బిందెడు నీళ్ళు. అంతే."

బుగ్గయ్య నెత్తి గోక్కున్నడు. "నీళ్ళేడియి కొడుకా? మీ ఇల్లు కూలి మట్టికుప్పయింది. బాయిల దూడలు పడుతున్నయని మేమే రాళ్ళేసి పూడ్చినం."

"మీ బాయిల నుంచి తోడుకుంటం కాకా."

"గట్ల నడువది. మా బాయి నీళ్ళు వోస్తే మా ఇల్లు రెండుసార్లు పలికినట్టయితది. మీది పలకనట్టే ఉంటది."

భూదేవమ్మ నవ్వింది. "పోనీ తియ్యిరా బుగ్గడా. కాటికి కాళ్ళు చాపుకున్నదాన్ని, నాకిప్పుడు ఒడిబియ్యం ఎందుకు?" అని మళ్ళ మామిడికాయ అందుకున్నది. కోసిన ముక్కనే మళ్ళ కోసింది. ఆ ముక్కను ఇంకో రెండు చేసింది. కోస్తనే ఉన్నది. ఎదురుంగ గోడకు ఆనుకొని నిలబడి సారు ఆ పీట దిక్కే చూసిండు. తొక్కుకు కోసిన కాయ పచ్చడికి కూడ పనికిరాకుంట పొడి పొడి అయింది.

అప్పుడు సారు నోటి నుంచి ఆయన జీవితంలో మొదటి వింత మాట వచ్చింది.

"మా ఇంట్ల నల్లా ఉన్నది గద కాకా. పొయ్యి ఏడ ఉంటే ఇల్లు ఆడ. ఇల్లు ఏడ ఉంటే దాని నీళ్ళు ఆడియే. ఈడికెల్లే తెస్త."

జయశ్రీ వంటింట్లకెల్లి తొంగి చూసింది. "ఏందీ? మన నల్లా నీళ్ళు ఊరికి మోస్తరా?"

బుగ్గయ్య పగలబడి నవ్విండు. తలపాగ కిందపడ్డది. "తేవయ్యా, తే! ఒప్పుకుంటరో లేదో నేను చెప్పలేను. లక్ష్మయ్య పటేలు మా మొండోడు. కాదంటే దేవుడొచ్చి చెప్పినా కాదంటడు."

బిందె కవాడిగూడ నుంచి వచ్చింది. భూదేవమ్మ పెండ్లినాడు తల్లిగారు సారెలో పెట్టిన ఇత్తడి బిందె అది. కోడలు అందులో మినుములు పోసుకుంటుండె. ముసలామె దాన్ని చింతపండుతో తోమి తోమి ఎంత మెరిపించిందంటే, గల్లీలో పిల్లులు అద్దమనుకొని మూతులు చూసుకున్నయి.

పండుగ ముందునాడు నల్లా రావాల్సిన పొద్దు. జయశ్రీ చీకటితో లేచి కూచున్నది. నల్లా దగ్గింది, తుమ్మింది, గాలి వదిలింది. గల్లీ ఆడోళ్ళందరు బకెట్లతో వరుస కట్టిన్రు. పక్కింటి మనోరమ జయశ్రీ బిందెను చూసి, "ఇత్తడి బిందె తెచ్చినవేంది? ఏమన్న వ్రతమా?" అని అడిగింది.

"ఆయన ఊరికి తీస్కపోతడట."

"ఏం తీస్కపోతడు?"

"నీళ్ళు."

మనోరమ కొద్దిసేపు ఆమె మొఖం దిక్కు చూసి, తన బకెట్ వెనక్కి జరిపి, "ముందు నువ్వు పట్టుకో చెల్లే," అన్నది. ఇంట్లో మనిషికి మతి తప్పినప్పుడు ఇరుగుపొరుగు చూపించే మర్యాద అది. జాలితో దొరికినా ఏమాయె, బిందె అంచుదాక నిండింది.

మూతికి తెల్లబట్ట కట్టి సారు, జయశ్రీ, భూదేవమ్మ ముగ్గురు బయల్దేరిన్రు. ఆటో ఆయన నారాయణగూడ చౌరస్తాలో బ్రేకేస్తే సారు ప్యాంటు తడిసింది. ఇమ్లీబన్ బస్టాండ్‌లో బస్సెక్కితే కండక్టర్ బిందె చుట్టూ తిరిగి చూసిండు.

"ఏమున్నది సారూ ఇందుల? కల్లా?"

"నీళ్ళు."

"ఏం నీళ్ళు?"

"చిక్కడపల్లి నల్లా నీళ్ళు."

"ఊర్లోళ్ళు పట్నమొస్తే బియ్యం తెస్తరు, నెయ్యి తెస్తరు. పట్నపోళ్ళు ఊరికి పోతే స్వీటు డబ్బా తీస్కపోతరు. నల్లా నీళ్ళు తీస్కపోయేటోన్ని నిన్నే చూస్తున్ననే అన్నా!" అని బస్సంతా వినేటట్టు అరిచిండు. ఇగ జనగామ దాక బస్సుకు బస్సు వాళ్ళ మీదనే. ఒకాయన గంగాజలమనుకొని కండ్లకు అద్దుకుంటనన్నడు. ఇంకొకామె బిడ్డకు జరమొచ్చిందని చుక్క అడిగింది. సారు ఎవరికీ ఇయ్యలే. బిందెను రెండు కాళ్ళ నడుమ బిగించి, దానిమీద రెండు చేతులు పెట్టి, పరీక్ష హాల్లో కూచున్నట్టు కూచున్నడు. తోవ మాత్రం ఆయన మాట వినలే. గుంతకొకసారి బిందె ఎగిరింది. బట్ట తడిసింది, ముందు సీటాయన సంచి తడిసింది, ఆ సంచిలో కోడి కూడ తడిసి సారు పేరు పెట్టి తిట్టింది. ఎల్లమ్మచెల్క తోవలో దిగేవరకు బిందె సగమైంది. అక్కడికెల్లి బుగ్గయ్య ఎద్దుల బండి సగంలో సగం తాగింది.

తెల్లారి ఊరి నడుమ ఇసుకేస్తే రాలనంత జనం. కొత్త బొడ్రాయి పసుపు కుంకుమలతో నిగనిగలాడుతున్నది. డప్పులు మోగుతున్నయి. ఆడోళ్ళు బిందెలెత్తుకొని నిలబడ్డరు. లక్ష్మయ్య పటేలు తెల్లమీసాల మనిషి, ఎత్తు అరుగు మీద నిలబడి ఒక్కొక్క ఇంటిపేరు పిలుస్తుండె. పిలిచిన ఇంటోళ్ళు "ఉన్నం!" అని గట్టిగ అంటరు, వచ్చి పోస్తరు. నీళ్ళు రాయి నెత్తి మీది నుంచి జారి మట్టిని తాకాలె. అది అక్కడి లెక్క.

భూదేవమ్మ ఆడబిడ్డల గుంపులో వెనక్కి నిలబడ్డది. కొంగు చేతికి చుట్టుకుంటున్నది, విప్పుతున్నది. సారుకు ఆమె కనిపిస్తనే ఉన్నది. రెండు వందల మంది పిల్లలకు మైకు లేకుంట పాఠం చెప్పే మనిషి 'ఉన్నం, ఉన్నం' అని లోపల్లోపలే వల్లె వేసుకుంటున్నడు.

"చెన్నూరోళ్ళు!"

పిలుపు పడంగనే సారు చెయ్యి దానంతటదే లేచింది. ఒకటో తరగతి నుంచి ఎమ్మే దాక నేర్చిన చదువంతా ఒక్కసారి నోట్లోకి వచ్చింది.

"ప్రెజెంట్ సార్!"

డప్పులు ఆగినయి. తరువాత లేచిన నవ్వుకు చెట్ల మీది కొంగలు ఎగిరి పక్క మండలంలో వాలినయి. లక్ష్మయ్య ఒక్కడే నవ్వలే. అరుగు దిగి వచ్చి బిందెలోకి తొంగి చూసిండు.

"గిదేంది? అడుగుకే ఉన్నయి. ఏ బాయి నీళ్ళివి?"

"పట్నం నల్లావి పటేలా," అన్నడు బుగ్గయ్య గొంతు తగ్గించి.

గుంపులో గుసగుస లేచింది. ఒక ముసలమ్మ ముందుకొచ్చి బిందె వాసన చూసి, "థూ! మందు వాసనొస్తున్నది. బొడ్రాయికి తాపుతరా దీన్ని?" అన్నది.

సారు ఇగ ఆగలేదు. గొంతు సవరించుకొని, కుటుంబమంటే ఏందో, జనాభా లెక్కలోళ్ళు ఒక పొయ్యిని ఒక ఇల్లుగ ఎందుకు రాసుకుంటరో, పట్నానికి నీళ్ళు ఏ చెరువులకెల్లి వస్తయో, మందు ఎందుకు కలుపుతరో మొదలుపెట్టిండు. మాట మంచిగనే ఉన్నది. కోచింగ్ పిల్లలైతే రాసుకుందురు. ఊరోళ్ళు మొదట విన్నరు, తరువాత ఎండ దిక్కు చూసిన్రు, తరువాత ఒకాయన ఆవలించిండు. ఆవలింత ఒకరినుంచి ఒకరికి పాకి డప్పుకాడిదాక పోయింది.

"అయ్యా, ఆగు జర," అన్నడు లక్ష్మయ్య చెయ్యెత్తి. "అయన్ని నాకు సమజ్ కావు." సారును పక్కకు జరిపి, ఆడబిడ్డల దిక్కు చూసి పిలిచిండు. "భూదేవీ! ముందుకు రా."

ఆమె వచ్చింది. తల వంచుకొని నిలబడ్డది.

"నువ్వు మీ మేనల్లుని ఇంటికి పోతవా?"

"పోత. ప్రతి శుక్రారం."

"పోతే కాళ్ళకు నీళ్ళిస్తరా?"

భూదేవమ్మ తల ఎత్తింది. "ఇస్తరు పటేలా. నల్లా రాని నాడు గూడ ఇస్తరు. వాళ్ళు తాగెతందుకు లేకున్నా నా కాళ్ళకు ఇచ్చిన్రు. వీడు తానం మానుకొని ఇచ్చిండు, నాకెరుక లేదనుకుంటడు. ఆ బకెట్ నీళ్ళకు సబ్బు వాసన రాదా?"

జయశ్రీ నాలిక కరుచుకున్నది. సారు కాళ్ళ దగ్గర మట్టిని చాలా శ్రద్ధగ చూస్తున్నడు.

"ఇగ నన్నేం అడుగుతరు?" అన్నడు లక్ష్మయ్య గుంపు దిక్కు తిరిగి. "ఆడబిడ్డ కాళ్ళకిచ్చిన నీళ్ళు ఇంటి నీళ్ళు కాకుంటే ఇంకేందివి? మందు వాసనొస్తే రానియ్యి. వోయి బిడ్డా."

సారు బిందె వంచిండు. పడ్డయి ఎన్నో కావు, ధార సన్నగ దారమంత. అయినా పొద్దటినుంచి ఊరంతా పోసిన నీళ్ళకు రాయి తడిసి ఉన్నది. దారం ఆగకుంట నెత్తి మీదికెల్లి జర్రున జారి మట్టిని తాకింది.

"మా నీళ్ళు మీ నీళ్ళను చెయ్యిపట్టి దింపినయి సారూ!" అని ఎవరో అరిచిన్రు. డప్పులు మళ్ళ లేచినయి.

ఒడిబియ్యం పోయాలంటే ఇల్లు కావాలె గద. చెన్నూరోళ్ళ ఇంటి జాగలో గోడలు లేవు, మట్టికుప్ప మీద పిచ్చిచెట్లు మొలిచినయి. బుగ్గయ్య గొడ్డలితో వాటిని కొట్టి, చాప పరిచిండు. భూదేవమ్మ ఇటు అటు చూసి, "ఈడ వంటిల్లు ఉండె," అని సరిగ్గ అక్కడే కూచున్నది. జయశ్రీ ఆమె ఒడిలో బియ్యం పోసింది, ఎండుకొబ్బరి కుడుకలు పెట్టింది, కొత్తచీర పెట్టింది. ముసలామె కొంగు మూట కట్టుకొని, బిందె తిరగేసి చూసింది. అడుగున ఒక గుక్క మిగిలింది. తాగి మూతి ముడిచింది.

"నిజంగనే మందు వాసనే ఉన్నదిరా ఉమా."

"క్లోరిన్ అత్తా. అంతే."

పొలిమేర కట్టిన్రు కాబట్టి ఆ రోజు ఊరు దాటి ఎవరూ బయటికి పోవద్దు. తెల్లారి అశోక్‌నగర్‌లో సారు క్లాసు ఉండె. ఎన్నడూ క్లాసు ఎగ్గొట్టని మనిషి ఎగ్గొట్టిండు. పిల్లలు ఊకుంటరా? మనోరమను అడిగిన్రు, ఆటో ఆయనను పట్టుకున్నరు. జగదీశ్వర్‌కు జనగామ దిక్కు చుట్టాలున్నరు, వాళ్ళనుంచి 'ప్రెజెంట్ సార్' సంగతి కూడ వచ్చింది. అప్పటికెల్లి హాజరు తీసుకునేటప్పుడు క్లాసంతా ఒక్కసారే "ఉన్నం!" అంటది. సారు తలెత్తకుంట అందరికీ 'ప్రెజెంట్' అని రాసుకుంటడు. బోర్డు మీద ఊరు బొమ్మ గీసేటప్పుడు ఇప్పుడు నడుమ ఒక రాయి కూడ గీస్తడు. బర్రె మాత్రం ఇంకా కరిచేటట్టే ఉంటది.

ఎల్లమ్మచెల్కలో ఆ మట్టికుప్పను ఇప్పుడు ప్రెజెంట్ సారోళ్ళ ఇల్లు అంటరు. నారాయణగూడలో బిందె రోజురోజుకు పెద్దగయింది. మొదటి ఏడు అందులో బావి పట్టింది, రెండో ఏడు కుంట పట్టింది, మూడో ఏడుకు హుస్సేన్‌సాగర్ పట్టింది. ఆ మూడో ఏడు ఒక సాయంత్రం ఇరానీ హోటల్లో కథ మంచి రసపట్టులో ఉన్నది. పడవలు ఎండుతున్నయి, చేపలు బస్సు సీట్ల కింద ఎగురుతున్నయి, కండక్టర్ ఈత కొడుతున్నడు. పక్క టేబుల్ దగ్గర ఒక మనిషి సాసర్‌లో చాయ్ పోసుకొని ఊదుకుంటున్నడు. ఉమాకాంత్ సారే. కథ మొత్తం విన్నడు, చాయ్ తాగిండు, సాసర్ కింద పెట్టి ఇటు తిరిగిండు.

"హుస్సేన్‌సాగర్ ఏంది? నల్లా నీళ్ళు. సగం బస్సుల ఒలికినయి, ఇంత బండిల ఒలికినయి. మిగిలినయి వోసిన. అంతే."